గాలికింది నేలలో తుఫాను చరిత్ర



మన ఇళ్ళలో పెద్దలు ‘తుఫాను’ అంటారు. మీరు బడిలో మలయ్ భాషలో ‘తౌఫాన్’ అని చదువుకున్నారు. ఈ రెండూ ఒకే మాట. అరబ్బు భాషలో పుట్టి, ఒక శాఖ పారసీకం మీదుగా తెలుగుదేశానికి, మరొక శాఖ వర్తకుల నోట మలయ్ రేవులకు చేరినది. మన తాతముత్తాతలు ఓడ ఎక్కడానికి చాలా ముందే ఆ మాట సముద్రం దాటినది. కాని ఆ మాట వెనుక ఉన్న భయం మన పెద్దలతో వచ్చి, మీ తరం దగ్గరకు వచ్చేసరికి ఇంకిపోయినది. “మలేషియాకు తుఫానులు రావు” అని మీలో చాలామందికి గట్టి నమ్మకం. చాలా ఏళ్ళుగా వైద్యం చేస్తున్న నేను కూడా 2021 డిసెంబరు దాకా ఇంచుమించు అలాగే నమ్మాను. ఆ నమ్మకంలో నిజమెంతో, పొరపాటెంతో తెలుసుకోవాలంటే చరిత్రను కొంత వెనుకనుండి చూడాలి.

మా నాయనమ్మ శ్రీకాకుళం తీరంలో పుట్టి, పెళ్ళయిన కొత్తలో మా తాతగారితో దిగువ పేరాక్‌లోని బాగాన్ దాతో కొబ్బరి తోటలకు వచ్చినది. దీపావళి వెళ్ళగానే ఆమె ఒక పని చేసేది. రెండు శేర్ల బియ్యం, బెల్లం అచ్చు, అగ్గిపెట్టె నూనెగుడ్డలో మూటగట్టి అటకమీద పెట్టేది. పక్కనే ఒక పొడవాటి కొబ్బరితాడు చుట్టి ఉంచేది. కార్తీకం వెళ్ళిపోయాక మూట విప్పి ఆ బియ్యంతో పరమాన్నం వండేది. అది ఏదో నోము అనుకొని మేము నవ్వుకునేవాళ్ళం. అది నోము కాదని నాకు చాలా ఆలస్యంగా తెలిసినది.

బంగాళాఖాతంలో తుఫానులకు రెండు రుతువులు. ఒకటి నైరుతి రాకకు ముందు, మేనెల ప్రాంతం. రెండవది, మరింత కఠినమైనది, ఆశ్వయుజ కార్తీకాలు. తెలుగుతీరం మరచిపోలేని గాలివానలు చాలావరకు ఈ రెండవ రుతువులోనివే. 1839 నవంబరులో గోదావరి ముఖద్వారాన ఉన్న కోరంగి మీద విరుచుకుపడినది వాటిలో ఒకటి. కోరంగి అప్పట్లో చిన్న ఊరు కాదు. నౌకలు కట్టే రేవు. బర్మాకు వెళ్ళిన తెలుగు కూలీలందరినీ అక్కడివారు ఏ జిల్లావారైనా సరే ‘కోరంగీలు’ అనే పిలిచేవారంటే ఆ రేవు పేరు ఎంత దూరం పాకినదో ఊహించండి. దాని మీద నలభై అడుగుల ఉప్పెన వచ్చి మూడు లక్షలమందిని బలిగొన్నదని పుస్తకాలు ఒకదాన్ని చూసి మరొకటి రాస్తుంటాయి. మరణాలను లెక్కించే వృత్తిలో ఉన్నదానిగా ఈ అంకెను నేను నమ్మలేను. ఆనాటి కోరంగిలోనూ, చుట్టుపక్కల పల్లెల్లోనూ అంతమంది జనమే ఉండే వీలు లేదు. అయితే రేవు మాత్రం నిజంగానే మళ్ళీ కోలుకోలేదు. ఓడలు కాకినాడకు మళ్ళాయి. తరువాతి కాలంలో బర్మాకూ, మలయాకూ సాగిన మన వలసలో కాకినాడ, విశాఖపట్నం రేవులు ముఖ్యమైనవి కావడానికి ఇదీ ఒక కారణం.

కోరంగి పేరు ప్రపంచ విజ్ఞానశాస్త్రంలో కూడా ఉన్నది. కలకత్తాలో హెన్రీ పిడింగ్టన్ అనే మాజీ నావికుడు ఓడలవారి దినచర్య పుస్తకాలన్నీ సేకరించి, గాలి ఏ గంటకు ఏ దిక్కునుండి వీచినదో పటాలు గీశాడు. ఆయన పరిశీలించిన గాలివానల్లో కోరంగిది కూడా ఉన్నది. ఈ గాలి తిన్నగా వీచదు, చుట్టచుట్టుకొన్న పాములా సుడి తిరుగుతుంది అని గ్రహించి, గ్రీకు మాటనుండి ‘సైక్లోన్’ అనే పేరు తయారుచేశాడు. 1848లో నావికుల కోసం రాసిన పుస్తకం ద్వారా ఆ పేరు లోకమంతా పాకినది. అట్లాంటిక్‌లో హరికేన్, వాయవ్య పసిఫిక్‌లో టైఫూన్, మన సముద్రంలో సైక్లోన్. పేర్లు వేరైనా ప్రాణి ఒక్కటే.

1864 అక్టోబరులో కలకత్తాను, నెల తిరక్కుండానే నవంబరు 1న మచిలీపట్నాన్ని గాలివానలు ముంచాయి. మచిలీపట్నం ప్రాంతంలో దాదాపు 30,000 మంది పోయారు. భారత వాతావరణ శాఖ 1875లో ఏర్పడడానికి ఆ అక్టోబరు తుఫానూ, తరువాత వచ్చిన కరువూ ముఖ్య ప్రేరణలు. మన శ్మశానాల మీదనే ఆ శాఖ పునాదులు లేచాయని చెప్పడం అతిశయోక్తి కాదు.

ఈ సుడి ఎలా పుడుతుందో నాలుగు మాటల్లో చెబుతాను. సముద్రపు పైనీరు 26 లేక 27 డిగ్రీల సెల్సియస్ దాటి వెచ్చబడినప్పుడు తేమగాలి పైకి లేస్తుంది. పైన చల్లబడి నీటిబొట్లుగా మారేటప్పుడు తన వేడిని వదులుతుంది. ఆ వేడి గాలిని ఇంకా పైకి లేపుతుంది. కింద ఏర్పడిన వెలితిలోకి నలువైపులనుండి గాలి దూసుకొస్తుంది. భూమి తిరుగుతున్నందువల్ల ఆ గాలి తిన్నగా రాలేక పక్కకు మళ్ళి, ఉత్తరార్ధగోళంలో గడియారపు ముల్లుకు ఎదురుగా సుడి తిరుగుతుంది. గాలి గంటకు 119 కిలోమీటర్లకు చేరితే దానిని టైఫూన్ లేక హరికేన్ అంటారు. భూమి కలిగించే ఆ మలుపు భూమధ్యరేఖ వద్ద శూన్యం. రేఖనుండి దూరం పోయినకొద్దీ పెరుగుతుంది. సాధారణంగా 5 డిగ్రీల లోపల తుఫాను పుట్టదు. మలేషియా 1 నుండి 7 డిగ్రీల మధ్య ఉన్నది. మన భద్రతకు మూలం అంతే. దైవానుగ్రహం అనుకుంటే అనుకోవచ్చుగాని, ఆ అనుగ్రహానికి అక్షాంశరేఖల హద్దులున్నాయి. టైఫూన్లు తిరిగే దారికి దక్షిణంగా ఉన్నందువల్లనే సబాను పూర్వపు నావికులు ‘గాలికింది దేశం’ అన్నారు. ఆ బిరుదు నేటికీ ఆ రాష్ట్రానికి ఉన్నది.

ఇప్పుడు దివిసీమకు రండి. 1977 నవంబరు 19, శనివారం. బంగాళాఖాతపు ఆగ్నేయభాగంలో రూపుదిద్దుకొన్న తుఫాను చీరాల ప్రాంతంలో తీరం దాటినది. అయితే చావు ఎక్కువగా వచ్చినది తుఫాను కన్ను దాటిన చోట కాదు, దానికి కుడిచేతివైపున ఉన్న కృష్ణా ముఖద్వారంలో. ఇది అర్థం చేసుకోవలసిన విషయం. సుడి ఎడమకు తిరుగుతుంది గనుక, దాని కుడివైపు గాలి సముద్రాన్ని నేల మీదకు తోస్తుంది. దానినే మనవారు ఉప్పెన అన్నారు. ఆ రోజు దాదాపు 5 మీటర్ల ఎత్తున నీరు చదునైన దివిసీమ మీదకు నడిచి వచ్చినది. పాలకాయతిప్ప, సొర్లగొంది, హంసలదీవి, నాగాయలంక వంటి ఊళ్ళు, వాటి తాటాకు ఇళ్ళు, కోతకు వచ్చిన వరిచేలు నీటిలో కలిశాయి. ప్రభుత్వ లెక్క ప్రకారం సుమారు పదివేలమంది మరణించారు. అసలు సంఖ్య అంతకు మించినదని ఆ ప్రాంతంవారు నేటికీ అంటారు. అవనిగడ్డకు చెందిన మంత్రి మండలి వెంకట కృష్ణారావు గారు నెలల తరబడి ఆ బురదలోనే ఉండి పునరావాసం నడిపించారు. మదర్ థెరెసా వచ్చారు. దేశదేశాలనుండి సహాయం వచ్చినది.

అప్పుడు నేను చిన్నపిల్లను. నాయనమ్మ మరొకరిచేత తెలుగు ఉత్తరం చదివించుకొని, చాలాసేపు ఏమీ మాట్లాడకుండా కూర్చున్నది జ్ఞాపకం. మాకు దివిసీమలో బంధువులెవరూ లేరు. అయినా ఆ రోజు పొయ్యి వెలిగించలేదు.

వైద్యురాలిగా ఉప్పెన గురించి నాకు బాగా తెలిసినది ఒక వ్యాసం వల్ల. దివిసీమకు ఏడేళ్ళ ముందు, 1970 నవంబరులో, నేటి బంగ్లాదేశ్‌లో భోలా తుఫాను రెండు లక్షలమందికి పైగా జనాన్ని చంపినది. ఇక్కడ ఆ అంకెను శంకించను. తరువాత సర్వే చేసి లెక్క కట్టారు. ఆల్ఫ్రెడ్ సొమర్, వైలీ మోస్లీ అనే ఇద్దరు వైద్యులు ఆ సర్వే చేసి 1972లో ‘లాన్సెట్’ పత్రికలో ప్రకటించారు. బతికినవారి రొమ్ములమీద, చేతుల లోపలివైపున, తొడలమీద ఒకే రకమైన గీరుగాయాలు కనిపించాయట. చెట్లను కావలించుకొని గంటలకొద్దీ అలలను ఓర్చినందువల్ల పడిన గాయాలు. వారు దానికి ‘సైక్లోన్ సిండ్రోమ్’ అని పేరు పెట్టారు. ఎక్కువగా చనిపోయినవారు పసిపిల్లలు, వృద్ధులు, స్త్రీలు, అనగా చెట్టును పట్టుకొని ఉండే బలం లేనివారు. ఆ వ్యాసం చదివిన రాత్రి నాకు అటకమీది కొబ్బరితాడు గుర్తుకువచ్చినది. అది చెట్టుకు మనిషిని కట్టుకొనే తాడు.

దివిసీమ తరువాత తీరంలో తుఫాను ఆశ్రయ భవనాలు కట్టారు, సరుగుడు తోటలు నాటారు, రేడియో హెచ్చరికలు ఊరూరికీ చేరే ఏర్పాట్లు చేశారు. 1990 మే 9న ఇంచుమించు అదే ప్రాంతాన్ని ఇంకొక భీకర తుఫాను తాకినది. ముందుగానే లక్షకు పైగా జనాన్ని తరలించారు. మరణాలు వెయ్యికి లోపల ఆగాయి. గాలి మారలేదు. మారినది జనం ఆ రాత్రి ఎక్కడ నిద్రపోయారన్నదే.

“ఇదంతా అక్కడి కథ కదా, మాకేమిటి?” అని మీరు అనవచ్చు. 1989 నవంబరు తుఫాను చూడండి. దాని పేరు ‘గే’. అది పుట్టినది బంగాళాఖాతంలో కాదు. మన ద్వీపకల్పానికి తూర్పున, థాయిలాండ్ సింధుశాఖలో. నవంబరు 4న థాయిలాండ్‌లోని చుంఫోన్ వద్ద తీరం దాటినది. సముద్రంలో గ్యాస్ కోసం బావి తవ్వుతున్న ‘సీక్రెస్ట్’ అనే నౌకను తలకిందులు చేసి 91 మందిని ముంచినది. మనకు ఉత్తరాన ఉన్న ఆ సన్నని మెడను దాటి, అండమాన్ సముద్రంలో మళ్ళీ బలం పుంజుకొని, నాలుగు రోజుల తరువాత నెల్లూరు జిల్లా కావలి వద్ద తెలుగునేలను తాకినది. మన పెద్దలు వారాల తరబడి ఓడలో దాటిన సముద్రాన్ని అది ఎదురుదారిన నాలుగు రోజుల్లో దాటినది. రెండు తీరాలకు నడుమ ఉన్నది ఒక్కటే ఆకాశం అనడానికి నాకు ఇంతకంటె మంచి సాక్ష్యం దొరకలేదు.

1996లో రెండు తీరాలకూ ఏడు వారాల తేడాతో దెబ్బ తగిలినది. నవంబరు 6 రాత్రి కోనసీమ. చిన్నదైనా చురుకైన ఆ తుఫాను వెయ్యిమందికి పైగా ప్రాణాలు తీసినది. వారిలో భైరవపాలెం, బలుసుతిప్ప వంటి పల్లెల జాలరులు ఎందరో. వేటకు సముద్రం మీదకు వెళ్ళినవారు తిరిగి రాలేదు. లక్షల కొబ్బరిచెట్లు తలలు విరిగి కూలాయి. కొబ్బరిచెట్టు కాపుకు రావడానికి ఎన్నేళ్ళు పడుతుందో బాగాన్ దాతోలో పెరిగినవారికి చెప్పనక్కరలేదు. ఆ తరువాత, డిసెంబరు 26 రాత్రి, ‘గ్రెగ్’ అనే తుఫాను సబా పశ్చిమతీరం దాటి ‘గాలికింది దేశం’లో అడుగుపెట్టినది. గాలి పెద్దది కాదు. టైఫూన్ స్థాయికి చేరనే లేదు. కాని కెనింగావ్ కొండల మీద కురిసిన వాన నదులను ఉప్పొంగించి, దుంగలనూ బురదనూ మోసుకొచ్చి, ఏటి ఒడ్డున ఉన్న ఇళ్ళను నిద్రలోనే తుడిచిపెట్టినది. రెండువందలమందికి పైగా మరణించారు, ఇంకా ఎందరో ఆచూకీ లేకుండా పోయారు. మలేషియా చరిత్రలో తుఫాను వల్ల ఇంత ప్రాణనష్టం మరెన్నడూ జరగలేదు. అయినా మన ద్వీపకల్పంలోని పిల్లలను అడిగితే ఆ పేరే విననట్లు చూస్తారు. దివిసీమ తెలిసిన పెద్దలకు కెనింగావ్ తెలియదు. కెనింగావ్ ఈ దేశంలోనే ఉన్నదని తెలిసిన పిల్లలకు దివిసీమ తెలియదు.

అసంభవం అనుకొన్నది 2001 డిసెంబరు 27న జరిగినది. ఈశాన్య రుతుపవనపు చల్లగాలి దక్షిణ చైనా సముద్రంలో బలంగా వీస్తూ, బోర్నియో పక్కన తిరిగే సుడితో కలిసి, మన ద్వీపకల్పానికీ బోర్నియోకూ మధ్య ఉన్న ఇరుకులో చిక్కుకొని తిరగనారంభించినది. భూమి ఇవ్వని మలుపును ఆ గాలే తనకు తాను సమకూర్చుకొన్నది. అలా ఉత్తర అక్షాంశం ఒకటిన్నర డిగ్రీల వద్ద, శాస్త్రగ్రంథాలు ‘ఇక్కడ పుట్టదు’ అన్నచోట, ‘వామెయ్’ అనే టైఫూన్ పుట్టినది. ఆ పేరు ఒక పాటపిట్టది. సింగపూరుకు ఈశాన్యంగా, జొహోర్ ఆగ్నేయతీరాన అది నేలను తాకినది. గునుంగ్ పులయ్ కొండచరియ విరిగిపడి ఐదుగురు చనిపోయారు. ఇటువంటిది 100 నుండి 400 సంవత్సరాలకు ఒకసారి జరగవచ్చునని పరిశోధకులు అంచనా కట్టారు. ఈ మాట విని ఊరట చెందేవారిని చూశాను. నూరేళ్ళకొకసారి అంటే ఇంకా నూరేళ్ళ సమయం ఉన్నదని అర్థం కాదు.

ఇక 2021 డిసెంబరు. దానిని తుఫాను అని ఎవరూ అనలేదు, అది కూడా కాదు. తూర్పుతీరాన నేలకెక్కిన వాయుగుండం మాత్రమే. కాని డిసెంబరు 17, 18 తేదీల్లో సెలంగూర్ మీద అది కురిపించిన వాన షా ఆలంలోని తామన్ శ్రీ ముడాను పై అంతస్తుల దాకా ముంచినది. దేశమంతటా యాభైమందికి పైగా మరణించారు. ఆ రుతువు వరదలవల్ల 610 కోట్ల రింగిట్ల నష్టం జరిగినదని ప్రభుత్వ గణాంక శాఖ తేల్చినది.

నా దగ్గర ఏళ్ళ తరబడి మధుమేహానికి వైద్యం చేయించుకుంటున్న ఒక పెద్దాయన ఆ ప్రాంతంలో ఒంటరిగా ఉండేవారు. నీరు గుమ్మం దాటినా పూజగది వదలి రానన్నారు. పొరుగు మలయ్ కుటుంబంవారు బలవంతంగా తమ మేడమీదకు ఎక్కించారు. ఇన్సులిన్ ఫ్రిజ్‌లో ఉండిపోయినది. ఫ్రిజ్ నీళ్ళలో మునిగినది. మూడవ రోజుకు ఆశ్రయ శిబిరంలో నేను చూసేసరికి చక్కెర ఆకాశాన్ని అంటినది, కాలిమీద బురదనీటిలో తగిలిన గాయం నల్లబడినది. రెండు వేళ్ళు తీసివేయవలసి వచ్చినది. “డాక్టరమ్మా, ఉప్పెన గురించి మా నాన్న చెప్పేవాడు. ఈ దేశంలో అవి రావు, అందుకే ఇక్కడ ఉండిపోయాం అనీ చెప్పేవాడు” అన్నారు ఆయన. నేను ఆయనకు అన్నం ఎంత తినాలో చెప్పాను, చెప్పులు ఎలాంటివి వేసుకోవాలో చెప్పాను. నీరు వస్తే మందులు ఏంచేయాలో ఒక్కసారీ చెప్పలేదు. ఆ లోటు నాది. కనుక మీకు ఇప్పుడు చెబుతున్నాను.

ఇన్సులిన్ ఫ్రిజ్ లేకపోయినా వెంటనే చెడిపోదు. వాడుతున్న సీసా చాలా రకాలలో 30 డిగ్రీలు మించని చోట సుమారు నాలుగు వారాలు పనిచేస్తుంది. తడిగుడ్డ చుట్టిన మట్టికుండ చాలు. డయాలిసిస్ చేయించుకొనేవారు భారీవర్షపు హెచ్చరిక వచ్చినప్పుడే తమ కేంద్రానికి ఫోను చేసి ముందురోజు వీలవుతుందేమో అడగాలి. నీరు ఇంట్లోకి రాకముందే మెయిన్ స్విచ్ ఆపండి. నీటిలో నిలబడి తాకవద్దు. జనరేటర్ ఇంటి లోపల, వరండాలో కూడా పెట్టవద్దు. దాని పొగలోని విషవాయువుకు వాసన లేదు. పారే నీరు మోకాలి దాకా ఉన్నా మనిషిని పడదోస్తుంది, ఇంకొంచెం లోతైతే కారును తేల్చుకుపోతుంది. ఈ దేశంలో ప్రాణం తీసేది గాలికంటే నీరు, కొండచరియ. అందువల్ల ఏటి ఒడ్డునుండీ కొండవాలునుండీ ముందే తొలగిపోవడమే అసలు రక్షణ. ఎప్పుడైనా టైఫూన్ ఉన్న దేశానికి వెళ్ళినప్పుడు ఇంకొక సంగతి: గాలి హఠాత్తుగా ఆగి ఆకాశం తేటపడితే బయటికి రావద్దు. అది తుఫాను కన్ను. కొద్దిసేపట్లో ఎదురుదిక్కునుండి మళ్ళీ గాలి వస్తుంది. కోస్తాలో ఇది తెలియక బయటికి వచ్చి పోయినవారి కథలు మా నాయనమ్మ చాలా చెప్పేది.

వరద తీసిన తరువాత నా వంటివారి పని మొదలవుతుంది. బురద కడగడానికి వెళ్ళే యువకులు, మీరే వెళ్ళేది, బూట్లు, చేతితొడుగులు లేకుండా దిగవద్దు. ఎలుకల మూత్రం కలిసిన నీటినుండి వచ్చే లెప్టోస్పైరోసిస్ మామూలు జ్వరంలాగే మొదలవుతుంది. ఒకటి రెండు వారాల్లో జ్వరంతో పిక్కలు పట్టేసి, కళ్ళు ఎర్రబడితే వరదనీటిలో దిగిన సంగతి డాక్టరుతో మీరే ముందు చెప్పండి. ఆ ఒక్క మాట వల్ల సరైన మందు రోజుల ముందే అందుతుంది. నీరు మరిగించి తాగాలి. నిలిచిన నీటిలో దోమలు పెరిగి, కొన్ని వారాల తరువాత డెంగీ వస్తుంది.

మెట్‌మలేషియా హెచ్చరికలు మూడు మెట్లు: పసుపు, నారింజ, ఎరుపు. ‘వస్పద’, ‘బురుక్’, ‘బహయ’ అని మీకు తెలిసిన మాటలే. అమ్మానాన్నలకు కొందరికి ఆ మలయ్ ప్రకటన చదవడం రాదు. ఫోనులో అది వచ్చినప్పుడు చదివి తెలుగులో చెప్పవలసినది మీరే. ఒకప్పుడు కాకినాడ రేవులో ఎగరేసిన ప్రమాద సూచికను చూసి పరుగెత్తుకుంటూ పల్లెకు వెళ్ళి చెప్పిన కుర్రాళ్ళు ఉండేవారు. ఆ పని ఇప్పుడు మీది.

ఈ వార్షికోత్సవం నాడు ఆలయ కార్యాలయం బల్లమీద ఒక నోటుపుస్తకం ఉంటుంది. మీ వీధిలో ఒంటరిగా ఉండే పెద్దల పేరు, వారి మందుల పేర్లు, వారిని మేడ ఎక్కించగల పొరుగువారి ఫోను నంబరు అందులో రాయండి. మొదటి పుటలో మూడు పేర్లు నేను రాశాను. మా ఇంటి అటకమీద ఈ ఏడు కూడా మూట ఉన్నది. బియ్యానికి తోడు నా రక్తపోటు మాత్రలు, ఒక టార్చిలైటు చేరాయి. తాడు నాయనమ్మదే.